నీళ్లు మార్చడం ఆపండి మాస్టారూ!

ప్రశ్న: మాది తణుకు. లెక్కల టీచరుగా రిటైరయ్యాను. సంక్రాంతికి పెరట్లో చేపల కోసం సిమెంటు తొట్టి కట్టించాను. పది అడుగుల పొడవు, ఆరడుగుల వెడల్పు, నీళ్ల లోతు రెండున్నర అడుగులు. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా ఎండ పడుతుంది. తొమ్మిది కోయి చేపలు, ఇరవై గోల్డ్‌ఫిష్, నాచు తింటాయని షాపతను ఇచ్చిన రెండు సక్కర్ చేపలు ఉన్నాయి. నెల తిరక్కుండానే నీళ్లు చిక్కగా, పాలకూర పప్పు రంగులోకి తిరిగాయి. నాలుగుసార్లు మొత్తం తోడించి, బ్లీచింగ్ పౌడర్‌తో కడిగించి కొత్త నీళ్లు పట్టాను. వారం పది రోజులకు మళ్లీ అదే రంగు. గోడలకు పీచు నాచు కూడా వేలాడుతోంది. ఈ వారం నుంచి తెల్లవారుజామున చేపలన్నీ పైకొచ్చి నోళ్లు తెరుస్తున్నాయి. ఎండెక్కాక మామూలుగానే తిరుగుతున్నాయి. మేత మా మనవరాలు వేస్తుంది, రోజుకు మూడు నాలుగుసార్లు. రెండొందల గ్రాముల ప్యాకెట్ రెండు రోజులకు అయిపోతోంది. షాపతను ఏదో నీలం మందు సీసా ఇచ్చాడు. భీమవరం దగ్గర చెరువులు చేసే మా బావమరిది సున్నం చల్లమంటున్నాడు. మా ఆవిడేమో పూడ్చేసి కరివేపాకు మొక్క పెట్టుకుందాం అంటోంది. ఎవరి మాట వినమంటారు?

సమాధానం: మాస్టారూ, నమస్కారం. ఎవరి మాట వినాలన్నది తర్వాత చూద్దాం. ముందు ఆ తెల్లవారుజాము సంగతి చూడాలి, అది ఈ రాత్రికే చేయాల్సిన పని.

మీ తొట్టిలో నాచు పగలంతా ఎండ తాగి ఆక్సిజన్ వదులుతుంది. పొద్దుగుంకాక అదే నాచు చేపలతో పోటీపడి ఆ ఆక్సిజన్‌ను వాడుకుంటుంది. రాత్రంతా ఖర్చే తప్ప జమ ఉండదు. తెల్లారగట్ల నాలుగు, అయిదు గంటలకు ఖాతా దాదాపు ఖాళీ అవుతుంది. అందుకే చేపలు పైకి తేలి, నీటికి గాలి తగిలే చోట ఊపిరి పీల్చుకోవడానికి అవస్థ పడుతున్నాయి. దీనికి తోడు వేసవి. 20 డిగ్రీల నీటిలో లీటరుకు 9 మిల్లీగ్రాముల దాకా ఆక్సిజన్ నిలుస్తుంది. 32 డిగ్రీలకు వచ్చేసరికి ఏడు పైచిలుకే. వాన మబ్బు పట్టి ఒక రోజంతా ఎండ రాలేదనుకోండి, మర్నాడు పొద్దున్న మీరు చూసేది నోళ్లు తెరిచిన చేపల్ని కాదు, వెల్లకిలా తేలిన చేపల్ని.

కాబట్టి ఇవాళ సాయంత్రమే ఒక ఎయిర్ పంపు, ఆ గాలిని బుడగలుగా వదిలే గాలి రాళ్లు రెండు తెచ్చి తొట్టిలో వేయండి. లేదా చిన్న పంపు పెట్టి, నీళ్లు అడుగు ఎత్తు నుంచి మళ్లీ తొట్టిలోకే పడేలా చేయండి. రాత్రి మాత్రం అస్సలు ఆపకూడదు. కరెంటు పోతే చెంబుతో నీళ్లు తీసి ఎత్తు నుంచి పోస్తూ ఉండండి, నవ్వొచ్చినా పనిచేస్తుంది. చేపలు పైకి రావడం మానేదాకా మేత బంద్. రెండు మూడు రోజులు తినకపోతే ఆరోగ్యంగా ఉన్న కోయికి ఏమీ కాదు. మనవరాలికి నచ్చజెప్పడమే మీకు అసలు పరీక్ష.

ఆ నీలం సీసా మూత తీయకండి. దాని మీద కాపర్ అని గానీ కాపర్ సల్ఫేట్ అని గానీ ఉంటే అది మన మైలుతుత్తమే. ఈ సలహా వెనక నా సొంత కథ ఒకటి ఉంది. నేను తొట్టి పెట్టిన మొదటి ఏడాది ఒక షాపులో ఇలాగే మందిచ్చారు, మూతతో కొలిచి పోశాను. రెండో రోజుకు నీళ్లు అద్దంలా తేలిపోయాయి. అడుగున వేసిన గులకరాళ్లు లెక్కపెట్టొచ్చు. వీధిలో వాళ్లను పిలిచి మరీ చూపించాను. మూడో రోజు తెల్లారి తలుపు తీసేసరికి పదకొండు చేపలు పక్కకు ఒరిగి తేలుతున్నాయి. మందు నాచును చంపింది, నిజమే. చచ్చిన నాచు అడుగున చేరి ఒక్కసారిగా కుళ్లింది. ఆ కుళ్లు నీటిలో ఉన్న కాస్త ఆక్సిజన్నూ లాగేసింది. పైగా ఈ రాగి ఎంత వేయాలన్నది నీటి ఆల్కలినిటీని, అంటే ఆమ్లాన్ని తట్టుకునే క్షారగుణాన్ని బట్టి మారుతుంది. లీటరుకు 50 మిల్లీగ్రాముల కంటే తక్కువ ఆల్కలినిటీ ఉన్న నీటిలో అసలు వేయకూడదు. ఇదంతా ఆ మూత మీద రాసి ఉండదు కదా. నీటి పరీక్ష లేకుండా, ఇప్పటికే ఊపిరాడని చేపల మీద ఈ ప్రయోగం వద్దు. సీసాలో ఉన్నది ఉత్త రంగే అయితే ప్రమాదం లేదు, ఎండను కాస్త ఆపుతుంది. కానీ నీలం నీళ్లలో చేపల్ని చూడటానికేనా మీరు తొట్టి కట్టించుకున్నది?

ఇప్పుడు ఆ పచ్చదనం ఏమిటో చూద్దాం. ఒక గాజు సీసాలో తొట్టి నీళ్లు పట్టి రాత్రంతా కదపకుండా ఉంచండి. అడుగున మట్టి దిగి పైన తేటపడితే అది బురద. పొద్దున్నకీ అలాగే పచ్చగా ఉంటే నీటిలో తేలే నాచు. కంటికి విడిగా కనపడనంత చిన్న కణాలు కోట్లలో చేరి ఆ రంగు తెస్తాయి. గోడకు వేలాడేది దానికి వేలు విడిచిన చుట్టం, పీచు నాచు. మూడోది ఒకటుంది, అది ఉంటే మాత్రం జాగ్రత్త. గాలివాటు మూలకు పెయింటు ఒలికినట్టు నీలంపచ్చ తెట్టు కట్టి, ముక్కు మూసుకునే వాసన వస్తుంది. కర్ర ముంచి పైకెత్తండి. జుట్టులా వేలాడితే పీచు నాచు, కర్రకు పెయింటులా అంటుకుంటే ఆ నీలంపచ్చ రకం. ఇందులో విషం ఉండే అవకాశం ఉంది. పిల్లల్ని చేతులు పెట్టనివ్వకండి, కుక్కను తాగనివ్వకండి. మీరు రాసిన దాన్ని బట్టి మీ దగ్గర ఉన్నవి మొదటి రెండు రకాలే అనిపిస్తోంది.

మీరు లెక్కల మాస్టారు కాబట్టి లెక్కతోనే చెబుతాను. మీ తొట్టి 150 ఘనపుటడుగులు, అంటే సుమారు 4,200 లీటర్లు. మేత రోజుకు 100 గ్రాములు పడుతోంది. ప్యాకెట్ వెనక చూడండి, ప్రోటీన్ 35 శాతం అటూఇటూగా ఉంటుంది. అంటే రోజుకు 35 గ్రాముల ప్రోటీన్. ప్రోటీన్‌లో 16 శాతం నత్రజని, అంటే అయిదున్నర గ్రాములు. ఇందులో చేప ఒంటికి పట్టేది పావు వంతు నుంచి మూడో వంతు. మిగతాది మొప్పల ద్వారా అమ్మోనియాగా, రెట్టగా, తినకుండా అడుగున పడిన గింజలుగా నీటిలోనే ఉంటుంది. రోజుకు నాలుగు గ్రాములు వేసుకోండి, వారానికి 28. యూరియాలో నత్రజని 46 శాతం, కాబట్టి ఇది 60 గ్రాముల యూరియాతో సమానం. మీ తొట్టి 60 చదరపు అడుగులు. ఎకరం లెక్కకు మారిస్తే వారానికి 44 కిలోలు.

ఎకరానికి వారం వారం ఒక బస్తా యూరియా! గోదావరి జిల్లాలో వరి పండించే రైతెవరూ ఇంత వేయడు. మీరు మాత్రం పూట తప్పకుండా వేస్తున్నారు, పైన రోజంతా ఎండ. ఇక పచ్చగా అవక ఏమవుతుంది?

ఇంకో లెక్క, నీళ్లు మార్చడం గురించి. అన్నీ అనుకూలిస్తే ఈ నాచు రోజుకు రెట్టింపవుతుంది. మీరు మొత్తం తోడించి కడిగించినా తడి గోడల్లో, పైపులో, చేపల్ని పెట్టిన టబ్బులో నూటికి ఒక వంతు మిగిలిందనుకుందాం. రెండు, నాలుగు, ఎనిమిది... ఏడో రోజుకు 128. వారం పది రోజులకు మళ్లీ అదే రంగు అని మీరు రాసింది ఈ లెక్కకు సరిగ్గా సరిపోయింది. నాచుకు పోయింది ఏమీ లేదు. పోయినవి వేరే ఉన్నాయి. తొట్టి గోడలకు, రాళ్లకు జారుడుగా ఒక సన్నటి పొర పడుతుంది చూడండి, అందులో మేలు చేసే బాక్టీరియా ఉంటుంది. చేపలు వదిలే అమ్మోనియాను ఒక రకం బాక్టీరియా నైట్రైట్‌గా, దాన్ని ఇంకో రకం చేపలకు అంతగా హాని చేయని నైట్రేట్‌గా మారుస్తాయి. ఇవి కుదురుకోవడానికి నాలుగు నుంచి ఆరు వారాలు పడుతుంది. అవి స్థిరపడే లోపే మీరు బ్లీచింగ్‌తో కడిగేస్తున్నారు. నాలుగుసార్లు ఒకటో తరగతిలో చేర్చి, నాలుగుసార్లు టీసీ ఇచ్చి పంపేశారన్నమాట.

అందుకని మొత్తం తోడడం ఈ రోజుతో ఆపండి. వారానికి రెండుసార్లు పదో వంతు, అంటే నాలుగొందల లీటర్ల చొప్పున తీసి కొత్త నీళ్లు పట్టండి. రంగు తగ్గాక వారానికి ఒకసారి చాలు. నీళ్లు తీసేటప్పుడు అడుగు నుంచి, చెత్త పేరుకున్న మూల నుంచి పైపుతో లాగండి. కుళాయి నీళ్లయితే డ్రమ్ముల్లో ఒక రోజు మూత లేకుండా ఉంచి పోయండి, క్లోరిన్ పోతుంది.

మేత విషయానికొస్తే, మీ చేపలన్నీ కలిపి తూచినా ఇప్పటికి కిలో ఉంటాయేమో. ఒంటి బరువులో రెండు శాతం చాలు, అంటే రోజుకు 20 గ్రాములు. ఎండాకాలం కోయి ఎప్పుడు చూసినా ఆకలితో ఉన్నట్టే నోరు తెరుస్తుంది, నమ్మకండి. పొద్దున్న ఎండ తగిలాక ఒకసారి, సాయంత్రం నాలుగింటికి ఒకసారి. మూడు నిమిషాల్లో తినగలిగినంతే వేయాలి, మిగిలింది వలతో తీసేయాలి. మా ఇంట్లో పిల్లల కోసం ఒక చిన్న కుంకుమ భరిణె పెట్టాం. రోజు మేత పొద్దున్నే అందులో కొలిచి పోస్తాం. ఎన్నిసార్లు వేసినా వాళ్ల ఇష్టం, భరిణె ఖాళీ అయితే ఆ రోజుకు అంతే. మరమరాలు, బిస్కెట్లు, అన్నం మెతుకులు వద్దే వద్దు. అవి మీ లెక్కలో లేవు గానీ మనవరాలి లెక్కలో ఉంటాయని నా అనుమానం.

ఇక మీ బావమరిదిగారు. ఆయన సలహా తప్పు కాదు, అది ఈ తొట్టికి చెప్పే సలహా కాదు. భీమవరం, కైకలూరు వైపు చేపల చెరువుల్లో నీటికి ఈ రంగు రావాలనే పేడ, సూపర్ ఫాస్ఫేట్ వేస్తారు. రంగొస్తే ప్లాంక్టన్, అంటే నీటిలో తేలే సూక్ష్మజీవులు పెరిగినట్టు, ప్లాంక్టన్ పెరిగితే బొచ్చె, రోహూలకు సగం తిండి దొరికినట్టే. చిల్లులు పెట్టిన సంచుల్లో తవుడు నింపి గెడలకు వేలాడదీసేది మిగతా సగం కోసం. ఆయన డబ్బు పెట్టి తెచ్చుకునే రంగు మీకు ఉచితంగా వచ్చి పడింది, అంతే తేడా. సున్నం మాత్రం వద్దు. నాచు చిక్కగా ఉన్న నీటిలో మధ్యాహ్నానికి పీహెచ్ (నీటి ఆమ్ల, క్షార గుణాల కొలత, ఏడు మధ్యస్థం) తొమ్మిది దాటడం మామూలే. దానికి సున్నం తోడైతే ఇంకా పైకి పోతుంది. పీహెచ్ పెరిగేకొద్దీ నీటిలో ఉన్న అమ్మోనియా విషంగా మారుతుంది. మీ కొత్త సిమెంటు గోడలు ఎలాగూ కొంత సున్నం వదులుతూనే ఉంటాయి. పటిక వేయమని కూడా ఎవరో ఒకరు చెబుతారు. అది బురదకు పనికొస్తుంది, కానీ ఇంత చిన్న తొట్టిలో మోతాదు కాస్త దాటినా పీహెచ్ అటు కిందికి జారిపోతుంది.

ఎండ సంగతి చూద్దాం. మొక్కలకు వేసే షేడ్‌నెట్ ఉంటుంది కదా, 50 శాతం నీడనిచ్చేది, తొట్టి మీద నాలుగు గుంజలు పాతి ఆరేడు అడుగుల ఎత్తున కట్టండి. కొబ్బరాకు పందిరైనా సరే, రాలే చెత్త ఎప్పటికప్పుడు తీసే ఓపిక ఉంటే. టార్పాలిన్ కప్పి ఒక్కసారిగా చీకటి చేయడం మాత్రం వద్దు. నాచు మూకుమ్మడిగా చచ్చి నా మైలుతుత్తం కథే మీ ఇంట్లో జరుగుతుంది.

పందిరి ఈ వేసవికి. అసలైన నీడ మొక్కలది. కలువ దుంపలు రెండు తెచ్చి, వెడల్పాటి ప్లాస్టిక్ బుట్టల్లో బంకమట్టి నింపి నాటండి. పేడ, ఎరువు కలపకూడదు. మట్టి మీద రెండు అంగుళాల మందాన గులకరాళ్లు పరవండి, లేకపోతే కోయిలు ఒక్క రాత్రిలో మొత్తం తవ్విపోస్తాయి. నీటి పైభాగంలో సగం, ఇంకాస్త ఎక్కువ ఆకులతో కప్పుకుపోతే మీ పని చాలావరకు అయినట్టే. నీడకు నీడ, పైగా నాచు తినాల్సిన నత్రజనిని అవి తింటాయి. తొట్టి అంచున కుండీల్లో మెట్టతామర, పొన్నగంటి పెట్టి వేళ్లు నీటిలోకి వదలొచ్చు. మనీప్లాంట్ కూడా బాగా లాగుతుంది, అయితే వేళ్లను చేపలు కొరక్కుండా చిల్లుల బుట్టలో పెట్టాలి. గుర్రపుడెక్క ఇంకా వేగంగా పనిచేస్తుంది, నేనూ కాదనను. పూలు కూడా బాగుంటాయి. కానీ కొల్లేరును చూసినవాళ్లకు ఆ మొక్కను ఇంటికి తెచ్చుకోమని చెప్పడానికి నోరు రాదు. వేస్తే వారం వారం సగం తీసి ఎండబెట్టాలి, కాలువలో మాత్రం పారేయకూడదు.

ఫిల్టరుకు పెద్ద ఖర్చు అక్కర్లేదు. వంద లీటర్ల నీలం డ్రమ్ము ఒకటి, గంటకు మూడు వేల లీటర్లు తోడే పంపు ఒకటి. డ్రమ్ములో కింద పాత నైలాన్ వల ముద్దలు, పైన మందపాటి స్పాంజి. నీళ్లు కింద నుంచి ఎక్కి పై నుంచి తొట్టిలోకి పడేలా పైపు బిగించండి. బాక్టీరియా ఆ వల పోగుల మీద కాపురం పెడుతుంది. 50 వాట్ల పంపు ఇరవైనాలుగు గంటలు తిరిగితే రోజుకు 1.2 యూనిట్లు, నెలకు 36. కరెంటు ఆదా అని రాత్రి ఆపేస్తే బాక్టీరియా ఊపిరాడక చస్తుంది, పెట్టిన ఖర్చంతా వృథా. స్పాంజిని కుళాయి కింద కాకుండా తొట్టి నీళ్లలోనే పిండండి.

యూవీ లైటు (అతినీలలోహిత కాంతి దీపం) పెట్టమని ఎవరైనా అంటే, అది మోసం కాదు. తేలే నాచు మీద నిజంగా పనిచేస్తుంది, మీ తొట్టికి 18 వాట్లది సరిపోతుంది. గోడ మీది పీచును మాత్రం ఏమీ చేయలేదు. బల్బు వెలుగుతున్నా ఏడాది తిరిగేసరికి దాని పస పోతుంది, మార్చాలి. ఆ వెలుగును నేరుగా చూడకూడదు. నన్నడిగితే ముందు మేత, నీడ సరిచేసి, రెండు నెలలు ఆగి, అప్పటికీ తగ్గకపోతేనే కొనండి.

పీచు నాచుకు మందు కంటే కొబ్బరి ఈనెల చీపురు మేలు. చీపురు కొస నాచులో గుచ్చి ఒకే వైపుకు తిప్పుతూ పోతే జడలా చుట్టుకుని గుత్తిగా వచ్చేస్తుంది. అది నీటిలోంచి బయటికొస్తే దాంతోపాటు అది తిన్న యూరియా కూడా బయటికొచ్చినట్టే. ఎరువు గుంటలో వేయండి. అయితే గోడకు వెల్వెట్ గుడ్డలా అతుక్కున్న పొట్టి పచ్చని పాచి ఉంటుంది, దాన్ని గోకకండి. చేపలు దాన్ని గీరుకు తింటాయి. అది ఉన్న తొట్టిలో నీళ్లు తేటగా ఉండడం నేను చాలాసార్లు చూశాను. నాచు బొత్తిగా లేని తొట్టి కావాలంటే చేపలు లేని తొట్టి కట్టుకోవాలి.

చేపల సంఖ్య గురించి చేదు మాట ఒకటి. కోయి రెండడుగుల దాకా పెరిగే జాతి. ఒక్కోదానికి కనీసం వెయ్యి లీటర్లు వేసుకుంటే మీ తొట్టికి నాలుగు. ఇప్పుడు బెత్తెడు ఉన్నాయి కాబట్టి గడిచిపోతోంది. ఏడాదిలోగా అయిదింటిని పెద్ద కొలను ఉన్నవాళ్లకు ఇచ్చేయండి. సక్కర్ చేపలు కాస్త పాచి నాకుతాయి గానీ నీటిలో తేలే నాచు జోలికే పోవు. అడుగున్నర దాకా పెరిగి, తిన్నదంతా మళ్లీ నీటికే ఇస్తాయి. వాటిని షాపుకే తిరిగిచ్చేయండి. జాలిపడి కాలువలో వదలకండి. డెవిల్ ఫిష్ అని పేపర్లలో వస్తున్నది ఈ జాతే. అక్వేరియాల నుంచి కాలువలకు, నదులకు చేరి మత్స్యకారుల వలలు చింపుతోంది.

దోమల గురించి ఇరుగుపొరుగు అడిగితే ధైర్యంగా చెప్పండి. గోల్డ్‌ఫిష్ తిరిగే తొట్టిలో దోమ పిల్ల బతకదు. వాళ్ల కూలర్ ట్రేలే చూసుకోమనండి.

ఇవన్నీ చేశాక వెంటనే మార్పు కనబడదు. రెండో వారం, మూడో వారం కూడా నీళ్లు పచ్చగానే ఉంటాయి. సరిగ్గా అప్పుడే మళ్లీ మొత్తం తోడించాలనిపిస్తుంది. చేయి ఊరుకోకపోతే ఇంట్లో తెల్లటి పింగాణీ సాసరు ఒకటి తీసుకుని, నాలుగు వైపులా తాడు కట్టి, తాడు మీద అంగుళం అంగుళానికి ముడి వేయండి. ప్రతి ఆదివారం మిట్టమధ్యాహ్నం నీటిలోకి దించి ఎన్నో ముడి దగ్గర సాసరు కనబడకుండా పోయిందో గోడ మీద రాయండి. ఇప్పుడు బహుశా ఆరో, ఏడో ముడి. పన్నెండు దాటితే దారిలో పడ్డట్టు. సాసరు తొట్టి అడుగుకు తగిలినా కనబడే రోజు ఆరు వారాల తర్వాత ఎప్పుడైనా రావచ్చు. వర్షాలు మొదలయ్యాక పెరట్లోని కుండీల ఎరువు నీళ్లు తొట్టిలోకి కొట్టుకురాకుండా చుట్టూ నాలుగంగుళాల గట్టు ఉండాలి. అది లేకపోతే జూన్ లోపు కట్టించేయండి.

మీ ఆవిడగారి కరివేపాకు మొక్క కూడా పెట్టేయండి, తొట్టిలో కాదు, పక్కన. వారం వారం తీసే ఆ పచ్చనీళ్లు దాని మొదట్లోనే పోయండి. ఎరువు వేరే కొనక్కర్లేదు.